కిరీటం, ప్రమాణం, సంఘం: బ్రిటిష్ రాజరిక చరిత్రపై ఒక పరిశీలన

ఉపోద్ఘాతం

2023 మే 6న లండన్‌లోని వెస్ట్‌మిన్‌స్టర్ ఆబీలో మూడవ చార్లెస్ రాజుకు పట్టాభిషేకం జరిగింది. లోకమంతా టెలివిజన్‌లో చూసిన ఆ ఆరాధనలో ఒక్క ఘట్టాన్ని మాత్రం చూపించలేదు. కాంటర్‌బరీ ఆర్చిబిషప్పు రాజును నూనెతో అభిషేకించేటప్పుడు చుట్టూ తెరలు నిలిపారు. యాజకుడైన సాదోకు సొలొమోనును అభిషేకించిన సంగతి (1 రాజులు 1:39) ఆధారంగా 1727లో హాండెల్ కూర్చిన గీతం ఆ సమయంలో పాడబడింది.

పరిపాలనాధికారం దాదాపుగా లేని రాజుకు పాత నిబంధన పద్ధతిలో అభిషేకం ఎందుకు? సింహాసనంతో ఉన్న ఈ సంబంధం వల్ల సంఘం పొందినదేమిటి, పోగొట్టుకున్నదేమిటి? క్రైస్తవ్యం ఇంగ్లీషు దొరల మతమనే మాట మన గ్రామాలలో ఇప్పటికీ వినిపిస్తుంది కనుక, ఈ ప్రశ్నలు తెలుగు దైవసేవకులకు పరాయివి కావు.

1. అభిషిక్తుడైన రాజు

క్రీ.శ. 973లో బాత్ పట్టణంలో ఆర్చిబిషప్పు డన్‌స్టన్ ఎడ్గార్ రాజుకు పట్టాభిషేకం చేశాడు. నేటి పట్టాభిషేక క్రమానికి మూలం ఆ ఆరాధనలోనే ఉంది. అభిషేకం రాజుకు గౌరవాన్ని ఇచ్చింది. దానితోపాటు రాజు దేవుని యెదుట ప్రమాణం చేయవలసి వచ్చింది. రాజు ధర్మశాస్త్రానికి ప్రతి వ్రాసుకొని చదువుకోవాలని ద్వితీయోపదేశకాండము 17వ అధ్యాయం చెబుతుంది. రాజుకు పరిశుద్ధ గ్రంథాన్ని అందించే ఆచారం ఇంగ్లాండు పట్టాభిషేకంలో 1689 నుండి కొనసాగుతున్నది.

1215లో జాన్ రాజు అంగీకరించిన మాగ్నా కార్టా ఈ ఆలోచనను ముందుకు తీసుకొని వెళ్లింది. దానిలోని మొదటి అంశమే ఇంగ్లాండు సంఘం స్వేచ్ఛగా ఉండాలని ప్రకటించింది. రాజు కూడా చట్టానికి లోబడినవాడే అనే సూత్రానికి అది పునాది అయింది.

2. సంఘానికి శిరస్సు ఎవరు?

ఎనిమిదవ హెన్రీ లూథరును ఖండిస్తూ గ్రంథం వ్రాసినందుకు 1521లో పోపు అతనికి విశ్వాస సంరక్షకుడనే బిరుదు ఇచ్చాడు. అదే హెన్రీ తన వివాహం రద్దు విషయంలో పోపుతో తెగతెంపులు చేసుకొని, 1534 నాటి చట్టం ద్వారా ఇంగ్లాండు సంఘానికి భూమిమీద సర్వోన్నత శిరస్సుగా గుర్తించబడ్డాడు. దీనికి ఒప్పుకోని థామస్ మోర్ 1535లో శిరచ్ఛేదనం పొందాడు. మేరీ రాణి కాలంలో రోమా అధికారం తిరిగి వచ్చింది. అప్పుడు 1556లో ఆర్చిబిషప్పు క్రాన్మర్ సజీవదహనం చేయబడ్డాడు. సింహాసనం మారిన ప్రతిసారీ విశ్వాస ప్రమాణం మారింది, రక్తం చిందింది.

1559లో మొదటి ఎలిజబెత్ రాణి కాలంలో చేసిన చట్టం "శిరస్సు" అనే మాటను విడిచి "సర్వోన్నత పరిపాలకురాలు" అనే మాటను స్వీకరించింది. సంఘానికి శిరస్సు క్రీస్తే (కొలస్సయులకు 1:18) అని నమ్మేవారికి ఈ తేడా చిన్నది కాదు. నేటి రాజుకు కూడా ఇంగ్లాండు సంఘంలో ఉన్నది పరిపాలకుని స్థానమే. ప్రెస్బిటేరియన్ సంఘమైన స్కాట్లాండు సంఘంలో ఆయనకు అదికూడా లేదు. అక్కడ ఆయన ఒక సభ్యుడు మాత్రమే. అయితే ఆ సంఘ హక్కులను కాపాడతానని ప్రమాణం చేయాలి. చార్లెస్ రాజు 2022 సెప్టెంబరు 10న ఆ ప్రమాణం చేశారు.

3. చట్టానికి లోబడిన కిరీటం

రాజుకు అధికారం దేవుడే నేరుగా ఇచ్చాడు గనుక ఏ మనుష్యునికీ లెక్క చెప్పనక్కరలేదని స్టూవర్టు వంశ రాజులు భావించారు. మొదటి చార్లెస్ 1637లో స్కాట్లాండుపై ప్రార్థనా గ్రంథాన్ని బలవంతంగా రుద్దబోయాడు. అక్కడ మొదలైన తిరుగుబాటు కాలక్రమేణా అంతర్యుద్ధానికి దారితీసింది. 1649 జనవరి 30న పార్లమెంటు పక్షం వారు అతనికి మరణశిక్ష అమలు చేశారు. పదకొండేళ్ల తరువాత, 1660లో, రాజరికం తిరిగి వచ్చింది.

1688లో రెండవ జేమ్స్ దేశం విడిచి పారిపోయాడు. 1689 నాటి హక్కుల చట్టం, పార్లమెంటు సమ్మతి లేకుండా చట్టాలను నిలిపివేసే అధికారం, పన్నులు విధించే అధికారం రాజుకు లేవని తేల్చింది. 1701 నాటి చట్టం సింహాసనాన్ని ప్రొటెస్టెంటు వారసులకు పరిమితం చేసింది. పార్లమెంటు ఆమోదించిన బిల్లుకు సమ్మతి నిరాకరించిన చివరి పాలకురాలు ఆన్ రాణి. అది 1708లో జరిగింది.

4. నేటి రాజు చేసే పని

మంత్రులు రాజును సంప్రదించాలి, రాజు వారిని ప్రోత్సహించవచ్చు, హెచ్చరించవచ్చు అని వాల్టర్ బాజెట్ 1867లో రాజుకున్న మూడు హక్కులను పేర్కొన్నాడు. నేటికీ ఆ వివరణ నిలిచి ఉంది. రాజు ప్రధానమంత్రిని నియమిస్తాడు, పార్లమెంటును ప్రారంభిస్తాడు, బిల్లులకు సమ్మతినిస్తాడు. కానీ ఇవన్నీ ఆనవాయితీకి, మంత్రుల సలహాకు లోబడి జరిగేవే. 2019లో ప్రధానమంత్రి సలహాపై ఎలిజబెత్ రాణి పార్లమెంటు సమావేశాలను నిలిపివేశారు. ఆ సలహా చట్టవిరుద్ధమని అదే సంవత్సరం సెప్టెంబరు 24న సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది.

వారసత్వ నియమాలు కూడా మారాయి. 2013లో చేసి 2015లో అమలుపరచిన చట్టం ప్రకారం, ఆ చట్టం వర్తించే కొత్త తరంలో అక్కను త్రోసి తమ్ముడు ముందుకు రాలేడు. రోమన్ కథోలికులను వివాహమాడినవారు వారసత్వం కోల్పోరు. కానీ రోమన్ కథోలికులు మాత్రం ఇప్పటికీ సింహాసనం ఎక్కలేరు.

5. సంఘం చెల్లించిన వెల

సింహాసనం నీడలో ఉన్నందువలన ఇంగ్లాండు సంఘానికి గౌరవం దక్కింది. దాని బిషప్పులలో 26 మంది ప్రభువుల సభలో కూర్చుంటారు. అయితే దానికి వెల కూడా ఉంది. 1662 నాటి చట్టానికి లోబడలేక సుమారు రెండువేలమంది సేవకులు తమ సంఘాలను కోల్పోయారు. 1927లోను, మరల 1928లోను సంఘం సిద్ధపరచిన సవరించిన ప్రార్థనా గ్రంథాన్ని పార్లమెంటు తిరస్కరించింది. ఆరాధన ఎలా చేయాలో రాజకీయ నాయకుల ఓట్లు నిర్ణయించాయి!

రాజు పోషకుడైనంత మాత్రాన ప్రజలు విశ్వాసంలో నిలువలేదు. 2021 జనాభా లెక్కలలో ఇంగ్లాండు, వేల్సులలో తాము క్రైస్తవులమని చెప్పుకున్నవారు 46.2 శాతం మాత్రమే.

6. మన దేశంతో గల సంబంధం

ఈస్టిండియా కంపెనీ తొలిదినాలలో మిషనరీలను ఆదరించలేదు. విలియం కేరీ 1800లో డేనిష్ పాలనలోని శ్రీరాంపూరులో ఆశ్రయం పొందవలసి వచ్చింది. 1858 నవంబరు 1 నాటి ప్రకటనలో విక్టోరియా రాణి తన క్రైస్తవ విశ్వాసాన్ని ఒప్పుకుంటూనే, దానిని ప్రజలపై రుద్దే హక్కుగాని కోరికగాని తనకు లేవని తెలిపింది. 1840లో నెల్లూరులో పని ఆరంభించిన బాప్టిస్టు మిషను, 1842లో గుంటూరుకు వచ్చిన లూథరన్ మిషనరీ హయ్యరు, ఇద్దరూ రాజే లేని అమెరికా సంఘాలు పంపినవారు. తెలుగు క్రైస్తవ్యమంతా బ్రిటిష్ కిరీటం ఇచ్చినదనే మాట చరిత్రకు నిలువదు.

అయితే ఆంగ్లికన్ సంఘం విషయంలో మనం నిజాయితీగా ఉండాలి. 1813 నాటి చార్టరు చట్టం ఫలితంగా కలకత్తాలో బిషప్పు పీఠం ఏర్పడింది. అది ప్రభుత్వంతో ముడిపడిన పీఠం. 1927 నాటి చట్టం ద్వారా 1930 మార్చి 1న భారతదేశంలోని ఆంగ్లికన్ సంఘం ఇంగ్లాండు సంఘంతో ఉన్న చట్టబద్ధమైన బంధం నుండి విడుదల పొందింది. దోర్నకల్ బిషప్పు అజరయ్య వంటివారు ఐక్యత కొరకు ప్రయాసపడిన కాలమది. 1947 సెప్టెంబరు 27న దక్షిణ ఇండియా సంఘం ఏర్పడింది. స్వేచ్ఛ పొందిన సంఘమే ఐక్యత వైపు అడుగు వేయగలిగింది.

ముగింపు

బ్రిటిష్ రాజరికం అధికారాన్ని వదులుకున్నందువల్లనే నిలిచిందని చరిత్ర చూపుతున్నది. ప్రమాణానికి లోబడని రాజులు సింహాసనాన్ని పోగొట్టుకున్నారు, లోబడినవారి వంశం మిగిలింది. సంఘానికి కూడా ఇందులో పాఠముంది. అధికారుల కొరకు ప్రార్థించమని 1 తిమోతి 2వ అధ్యాయం మనకు ఆజ్ఞాపిస్తుంది. వారిని ఆశ్రయంగా చేసుకోవద్దని 146వ కీర్తన హెచ్చరిస్తుంది. దావీదును అభిషేకించిన దేవుడే అతనిని గద్దించడానికి నాతానును పంపాడు. మన సభలకు మంత్రులను, శాసనసభ్యులను పిలిచి శాలువలు కప్పే ముందు, రేపు వారితో నాతాను మాట చెప్పగల స్వేచ్ఛ మనకు మిగిలి ఉంటుందా అని మనలను మనం ప్రశ్నించుకోవాలి.