గోలు పడనివ్వని వాడి చరిత్ర

1970 డిసెంబరులో బ్యాంకాక్‌లో జరిగిన ఆసియా క్రీడల్లో భారత ఫుట్‌బాల్ జట్టు జపానును 1-0తో ఓడించి కాంస్య పతకం గెలుచుకుంది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మన దేశానికి దక్కిన చివరి పతకం అదే. యాభై ఏళ్ళు దాటినా మరొకటి రాలేదు. ఆ గోలు కొట్టినవాడు మంజిత్ సింగ్. కనుక ఆ స్కోరులోని ‘1’ ఎవరిదో చరిత్రకు తెలుసు. మరి ఆ ‘0’ ఎవరిది? జపాను గోలు చెయ్యలేకపోయిందంటే చెయ్యనివ్వని వాళ్ళు కొందరు ఉండితీరాలి. వాళ్ళలో ముందు నిలిచినవాడు, ఆ జట్టు కెప్టెన్, 1944లో హైదరాబాదులో పుట్టిన సయ్యద్ నయీముద్దీన్. ఆయన డిఫెండర్.

ఈ వ్యాసం నయీముద్దీన్ జీవితచరిత్ర కాదు. ఆయన క్రీడాజీవితాన్ని ఆధారం చేసుకుని చరిత్ర రచనకు సంబంధించిన ఒక ప్రశ్నను పరిశీలించటం దీని ఉద్దేశం. జరిగినదాన్ని నమోదు చేసేది చరిత్ర అంటున్నాం. అలాంటప్పుడు ఒక కీడును జరగనివ్వకుండా ఆపిన శ్రమకు అందులో చోటెక్కడ?

మన గోదావరి పల్లెల్లో చెడుగుడు ఎరగనివాళ్ళు ఉండరు. అందులో కూతకు వెళ్ళినవాడికి ఎంత పేరో, వాణ్ణి గీత దాటకుండా పట్టినవాడికీ అంత పేరు. పట్టు దొరికితే ఎదుటివాడు చచ్చినట్టే; లెక్కలోకి వస్తుంది. ఫుట్‌బాల్‌లో అట్లా కాదు. బ్యాక్ స్థానంలో ఆడేవాడు తొంభై నిమిషాలు ఎదుటివాడి కాళ్ళ కదలిక కనిపెట్టి, వాడు పోదలచిన దారికి ముందే అడ్డం పడి, తోటివాడు తప్పితే ఆ ఖాళీలోకి తాను జరిగి, బంతిని అవతలికి తన్నేస్తాడు. ఇంత చేసినా స్కోరు కాగితం మీద గీత పడదు. ఒక్కసారి తప్పితే మాత్రం పడుతుంది, ఎదుటి పక్షం ఖాతాలో. అతని నైపుణ్యానికి ఆధారం లేదు. పొరపాటుకు మాత్రం శాశ్వతమైన ఆధారం ఉంది.

ఈ మాట తేల్చి చూపే ఉదాహరణ 1962 జకార్తా ఆసియా క్రీడలది. ఫైనల్లో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి భారత్ స్వర్ణ పతకం గెలిచింది. ఆ రెండు గోళ్ళలో ఒకటి పి.కె.బెనర్జీది, రెండవది జర్నయిల్ సింగ్‌ది. జర్నయిల్ అసలు డిఫెండర్. థాయ్‌లాండ్‌తో ఆటలో తలకు దెబ్బ తగిలి కుట్లు పడితే, కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం అతన్ని ముందు వరసలో ఆడించాడు. సెమీఫైనల్లోనూ, ఫైనల్లోనూ అతను గోలు కొట్టాడు. ఈనాటికీ జర్నయిల్ పేరు ఎత్తితే ముందుగా చెప్పేది ఆ కథే. ఏళ్ళ తరబడి చేసిన సొంత పని కంటే, రెండు రోజులు చేసిన పరాయి పనే అతన్ని కథానాయకుణ్ణి చేసింది.

నయీముద్దీన్ వచ్చిన సంప్రదాయం ఈ రహీందే. వృత్తిరీత్యా ఉపాధ్యాయుడైన రహీం 1950 నుంచి 1963లో మరణించేదాకా భారత జట్టుకు శిక్షకుడు. హైదరాబాదు సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదు సార్లు రోవర్స్ కప్పు గెలిచింది ఆయన శిక్షణలోనే. కంటోన్మెంటు సైనికుల నుంచి బంతి అందుకున్న జంట నగరాల్లో పోలీసు జట్టు అంటే పేద, దిగువ మధ్యతరగతి కుర్రాళ్ళకు ఆటతోపాటు నెలజీతం. ఈ జీతం సంగతి మరిచిపోయి ‘హైదరాబాదు ఫుట్‌బాల్ స్వర్ణయుగం’ అని రాసేవాళ్ళు పువ్వును చెప్పి వేరును వదిలేస్తున్నారు.

రహీం దృష్టి వెనక వరస మీద ఎందుకు పడిందో చెప్పటానికి ఒక్క అంకె చాలు. 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో భారత్ 1-10తో ఓడింది. మనవాళ్ళలో చాలామందికి కాళ్ళకు బూట్లు లేవు. మన దేశంలో అప్పట్లో ఆట 70 నిమిషాలే గనుక 90 నిమిషాల ఆటకు ఒళ్ళు అలవాటు పడలేదు. ఆ పది గోళ్ళు వెనక వరసవాళ్ళ అసమర్థతకు గుర్తులు కావు. ఒక పేద దేశపు క్రీడావ్యవస్థ తన ఆటగాళ్ళకు ఏమి ఇవ్వలేదో చెప్పే లెక్క అది. బూట్లు తప్పనిసరి అయింది ఆ తర్వాతే. ఇద్దరు బ్యాకుల పాత పద్ధతి పోయి ముగ్గురు, ఆపైన నలుగురు వెనక నిలిచే పద్ధతి క్రమంగా స్థిరపడింది. నాలుగేళ్ళకు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో భారత్ సెమీఫైనల్ చేరి నాలుగో స్థానంలో నిలిచింది.

అయితే రహీం మరణించేనాటికే హైదరాబాదు నుంచి ఆటగాళ్ళు కలకత్తా దారి పట్టారు. సికిందరాబాదులో పుట్టిన తులసీదాస్ బలరాం 1957లోనే ఈస్ట్ బెంగాల్‌లో చేరాడు. ఆ దారి మన ఊళ్ళ మీదుగానే పోతుంది: బెజవాడ, రాజమండ్రి, సామర్లకోట, వాల్తేరు దాటి హౌరాకు. వరి, పొగాకు పోయిన దారినే కాళ్ళ నైపుణ్యమూ వలస పోయింది. నయీముద్దీన్ కూడా సిటీ పోలీస్ జట్టులో ఆడి, 1960ల్లో కలకత్తా చేరి, ఈస్ట్ బెంగాల్, మోహన్ బగాన్, మహమ్మడన్ స్పోర్టింగ్ మూడింటికీ ఆడాడు. ఆ రోజుల్లో మన ఫుట్‌బాల్ పేరుకు అమెచ్యూర్. ఆటగాడు ఉద్యోగానికి జీతం తీసుకుంటాడు, ఆట వినోదానికి ఆడతాడు అన్నది కాగితం మీది మాట. నిజానికి ఆటే ఉద్యోగం. మైదానాన్ని నింపి క్లబ్బుకు పేరు తెచ్చే ఆ శ్రమకు శ్రమ అన్న పేరు లేకపోవటం వల్ల ఒప్పందం లేదు, గాయానికి పరిహారం లేదు, ఆట ముగిశాక బతుకుకు హామీ లేదు.

1970లో నయీముద్దీన్‌కు అర్జున అవార్డు వచ్చింది. ఆట మానాక ఆయన శిక్షకుడయ్యాడు. 1990లో ద్రోణాచార్య అవార్డు అందుకున్నాడు. ఆయన శిక్షణలో భారత జట్టు 1997లో కాఠ్మండులోనూ, 2005లో కరాచీలోనూ దక్షిణాసియా ఛాంపియన్‌షిప్ గెలిచింది. క్రమశిక్షణ విషయంలో ఆయన కఠినుడని పేరు. తిండి, నిద్ర, సమయం, అన్నిటి మీదా పట్టు. దీన్ని మొండితనం అన్నవాళ్ళున్నారు. కాని ఒక్క క్షణం ఏమరుపాటుకు జీవితాంతం మాటపడే స్థానంలో ఆడినవాడు ఏమరుపాటును సహించలేకపోవటంలో వింత లేదు. మనిషి స్వభావాన్ని పుట్టుకలో కాక చేసిన పనిలో వెతకాలన్నది రచయితలకు కొత్తగా చెప్పవలసిన మాట కాదు.

ఆటను ఉద్యోగమని బాహాటంగా ఒప్పుకున్న దేశంలో ఈ వెనక వరసవాడి గతి మెరుగ్గా ఉందా? అమెరికాలో అమెరికన్ ఫుట్‌బాల్ అనేది వేరే ఆట. బంతిని చేత్తో పట్టి పరుగెత్తే ఆట. అందులోనూ బంతి అందుకోబోయేవాణ్ణి అడ్డుకోవటానికి వెనక నిలిచే ‘డిఫెన్సివ్ బ్యాక్’లు ఉన్నారు. అక్కడి ఆటగాళ్ళకు 1956 నుంచి సంఘం ఉంది. 1982లో వాళ్ళు 57 రోజులు సమ్మె చేశారు. జీతాలు మనం ఊహించలేనివి. అయినా ఆ స్థానంలో ఆడిన ఆండ్రీ వాటర్స్ 2006లో 44వ ఏట బలవన్మరణం పాలయ్యాక పరీక్షిస్తే, తలకు తగిలిన దెబ్బల వల్ల మెదడు దెబ్బతిన్నదని తేలింది. చికాగో బేర్స్‌కు ఆడిన డేవ్ డ్యూర్సన్ తన మెదడును పరిశోధనకు ఇవ్వమని కోరి 2011లో అలాగే ప్రాణం తీసుకున్నాడు. అతని మెదడులోనూ అదే జబ్బు కనిపించింది. వేల మంది మాజీ ఆటగాళ్ళు కోర్టుకెక్కితే తప్ప లీగు పరిహారానికి దిగిరాలేదు. అక్కడ ఆ శ్రమకు వెల కట్టారు. ఆ శ్రమ చేసిన ఒంటికి ఏమవుతుందో మాత్రం లెక్క కట్టలేదు. మనం వెల కూడా కట్టలేదు. తేడా అంతే.

ఇది ఆటల సంగతి మాత్రమే అనుకుంటే పొరపాటు. 1986 ఆగస్టు గోదావరి వరదలో తెగిన గట్ల గురించి పత్రికలు రాశాయి, పెద్దలు ఇప్పటికీ చెబుతారు. తెగని గట్ల మీద రాత్రంతా ఇసుక బస్తాలు మోసిన కూలీల పేర్లు, లాంతరు పట్టుకుని ఊట కనిపెట్టిన లస్కర్ల పేర్లు ఎక్కడున్నాయి? సామర్లకోట జంక్షన్‌లో కాకినాడ బండినీ, మెయిల్ లైను బండినీ దేని దారిన దాన్ని పంపిన పాయింట్స్‌మన్ పేరు ఏ చరిత్రలో ఉంది? ప్రమాదం జరిగితే అతను వార్త. జరగనంత కాలం అతను లేడు. కాన్పులో తల్లినీ బిడ్డనూ దక్కించిన మంత్రసానులదీ ఇదే స్థితి. సమాజంలో సగం శ్రమ కీడును ఆపే శ్రమే. అది ఎంత బాగా జరిగితే అంతగా కనిపించకుండా పోతుంది.

మన కథల్లోనూ, నవలల్లోనూ నాయకుడంటే గోలు కొట్టేవాడే. సమ్మె గెలిపించినవాడి మీద కథలొచ్చాయి. సమ్మె విరగకుండా నలభై రోజులు ఇంటింటికీ బియ్యం చేర్చిన వాళ్ళ మీద ఎన్ని వచ్చాయి? సంఘటన లేనిదే కథ లేదన్న సూత్రం రచయిత చేతిని ముందుగానే కట్టేస్తోంది. సంఘటనను ఆపటం కూడా సంఘటనే అని గుర్తించిన రోజున వస్తువు కొరత ఉండదు.

రహీం మీద 2024లో హిందీలో ‘మైదాన్’ సినిమా వచ్చింది. సంతోషించవలసిందే. కాని బ్యాంకాక్ ఆటలో ఆ సున్నాను నిలబెట్టిన వాళ్ళ కథ తెలుగులో ఇంకా రాయవలసే ఉంది. ఆ సున్నా శూన్యం కాదు. తొంభై నిమిషాల కష్టం.