కొండెక్కిన దీపాలదిన్నె

మంగళగిరి గాలిగోపురానికి 11 అంతస్తులు, 153 అడుగుల ఎత్తు. 1807-09 మధ్య దాన్ని నిలబెట్టినవాడు రాజా వాసిరెడ్డి వేంకటాద్రి నాయుడు. చింతపల్లి విడిచి వచ్చి కృష్ణ ఒడ్డున అమరావతి పట్నం కట్టుకున్నవాడూ ఆయనే. దాతగా, గుళ్లు కట్టించిన ప్రభువుగా ఆయన పేరును ఈ పత్తిచేల, మిరపకళ్లాల నేల మీద ఇప్పటికీ గౌరవంగానే పలుకుతారు. ఆయన పట్నం లేస్తున్న రోజుల్లోనే, ఆ పట్నం పక్కనే, దీపాలదిన్నె అని జనం పిలుచుకునే మట్టిగుట్ట కింద, ధాన్యకటక బౌద్ధ మహాచైత్యం మిగిలిన కాస్త ప్రాణమూ పోగొట్టుకుంది. పగబట్టి ఎవరూ చంపలేదు. ఇళ్లకు ఇటుకలు కావలసి వచ్చాయి, అంతే.

ఆ చైత్యం రెండుసార్లు పోయింది. మొదట మనుషులు పోయారు. అందుకు వెయ్యేళ్లు పట్టింది. తరువాత రాళ్లు పోయాయి. అందుకు నూరేళ్లు కూడా పట్టలేదు. మొదటి చావు కాలధర్మం అనుకుని గుండె దిటవు చేసుకోవచ్చు. రెండోదాన్ని తలుచుకుంటే మాత్రం దుఃఖం ఒక్కటే రాదు.

అది బతికిన బతుకు ఎలాంటిదో ముందు చెప్పుకుందాం. మౌర్యుల కాలపు లిపి చెక్కిన స్తంభపు ముక్క ఒకటి అక్కడ దొరికింది. అంటే క్రీస్తుపూర్వం 3వ శతాబ్దం నాటికే ఆ ఒడ్డున కాషాయాల అలికిడి ఉండి ఉండాలి. శాతవాహనుల ఏలుబడిలో, పులుమావి కాలం వచ్చేసరికి, ఆ ఇటుకల గుట్ట తెల్లని చందమామలా వెలిగింది. చుట్టూ దాదాపు 190 అడుగుల వ్యాసంతో రాతి కంచె. లేత ఆకుపచ్చ ఛాయ కలిసిన పల్నాటి సున్నపురాయి మీద బుద్ధుడి పుట్టుక, ఇల్లు విడిచిన రాత్రి, మదపుటేనుగు ఆయన పాదాల ముందు మోకరిల్లడం. నాలుగు దిక్కులా ఐదేసి ఆయక స్తంభాలు. కృష్ణలో పడవలు సముద్రం దాకా పోయి వచ్చేవి. రోమనుల బంగారం ఈ తీరానికి చేరేది. వర్తకుల చేతి నుంచి అందులో కొంత శిల్పుల ఉలి కిందికి జారేది.

రాజుల సొమ్ముతోనే ఇదంతా లేచిందని అనుకుంటాం. రాళ్ల మీది పేర్లు చదివితే అలా అనిపించదు. విధికుడనే చర్మకారుడు తల్లినీ భార్యనూ అన్నదమ్ములనూ కొడుకులనూ కూతుళ్లనూ కలుపుకుని పూర్ణఘటం చెక్కిన పలక ఒకటి సమర్పించాడు. సుగంధద్రవ్యాలు అమ్ముకునేవాడు ఉన్నాడు. గృహస్థులు, గృహిణులు ఉన్నారు. భిక్షుణులు ఉన్నారు, కూతుళ్లతో కలిసి దానమిచ్చిన భిక్షుణులూ ఉన్నారు. ఇల్లు విడిచి వచ్చారు గానీ ఇంటివాళ్లను మనసులోంచి తోసేయలేదు. ఈ కథలో నాకు అన్నిటికన్నా ప్రియమైన చోటు ఇదే. ఇక్కడ ఇంకాసేపు కూర్చోవాలనిపిస్తుంది.

తెల్లవారితే ఇక్కడి భిక్షువులు పాత్ర పట్టుకుని వీధుల్లోకి వచ్చేవారు. పెట్టినది పుచ్చుకుని, మధ్యాహ్నం దాటితే ఇక ఏదీ తినకుండా చదువులో మునిగేవారు. కృష్ణ పొంగే మూడు నెలలు ఎక్కడికీ కదలక విహారంలోనే వర్షావాసం. చైత్యకులని వాళ్లకు పేరు. ఎగువన విజయపురిలో, మనం ఇప్పుడు నాగార్జునకొండ అంటున్న లోయలో, 3వ శతాబ్దంలో ఇక్ష్వాకుల ఆడపడుచు చాంతిసిరి మహాచైత్యానికి పోషకురాలయింది. బోధిసిరి అనే ఉపాసిక సింహళం నుంచి వచ్చే భిక్షువుల కోసం చైత్యగృహం కట్టించింది. రాజులు యజ్ఞాలు చేసుకుంటుంటే వాళ్లింటి ఆడవాళ్లు విహారాలు కట్టించారు. ఒకే ఇంట్లో రెండు దీపాలు, ఒకదాన్నొకటి ఆర్పుకోలేదు.

సరిగ్గా ఆ శతాబ్దంలోనే ఈజిప్టులో ఆంథోని అనే పల్లెటూరి యువకుడు ఉన్న పొలం పంచిపెట్టి ఎడారి దారి పట్టాడు. వెనకాలే వందలమంది నడిచారు. పకోమియస్ అనే సన్యాసి వాళ్లను ఒక కప్పు కిందికి చేర్చాడు. ఆ క్రైస్తవ సన్యాసులు తాటాకులతో చాపలు, బుట్టలు అల్లి అమ్ముకుని తిన్నారు. 5వ శతాబ్దంలో దండెత్తి వచ్చినవాళ్లు వాది నత్రూన్‌లోని మఠాలను మళ్లీ మళ్లీ దోచారు, సన్యాసులను చంపారు. అయినా అక్కడ నాలుగు మఠాలు నేటికీ మనుషులతో నిండి ఉన్నాయి. ఇసుకలో నాటింది నిలిచింది, నల్లరేగడిలో నాటింది ఎండిపోయింది. ఎందుకని? మన భిక్షువు మట్టి తవ్వకూడదు, అది వినయ నియమం. పూట గడవాలంటే ఊరు పెట్టాలి. సముద్ర వర్తకం సన్నగిల్లి, ఇక్ష్వాకులు అంతరించి, ఊరి భక్తి వేరే గడప వైపు మళ్లాక ఆ పాత్రలో మెతుకులు తగ్గాయి. ఈజిప్టు పల్లెలు ఎడారికి కొడుకుల్ని పంపుతూనే వచ్చాయి. మన పల్లెలు మానేశాయి. నాకు తోచిన కారణం ఇంతే.

క్రీ.శ. 639 ప్రాంతంలో చైనా యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్ వచ్చేసరికి ధాన్యకటకంలో విహారాలు చాలా ఉన్నాయి, చాలావరకు ఖాళీగా ఉన్నాయి. ఇరవై దాకా మాత్రమే నడుస్తున్నాయి, వెయ్యిమంది భిక్షువులు ఉన్నారని రాసుకున్నాడు. సుభూతి, సూర్య అనే ఇద్దరి దగ్గర ఆయన కొన్ని నెలలు మహాసాంఘికుల అభిధర్మం చదువుకున్నాడు. తనకు వచ్చింది వాళ్లకు చెప్పాడు. ఖాళీ గదుల నడుమ ఆ ముగ్గురు. చదువు ఇంకా బతికే ఉంది, చదివేవాళ్లే కరవయ్యారు. నలందకు పోషకులు దొరికినట్టు ఈ గదులకూ ఒక ప్రభువు దొరికి ఉంటే! దొరకలేదు.

అయినా అంత తొందరగా పోలేదది. 1182లో కోట కేతరాజు బుద్ధుడికి ఊళ్లూ అఖండదీపాలూ ఇచ్చి, ఆ మాట అమరేశ్వరుడి గుడిలోనే చెక్కించాడు. 1234లో ఒక రాచ ఆడపడుచు మరో దీపం ఇచ్చింది. 1344లో సింహళం నుంచి ధర్మకీర్తి అనే భిక్షువు వచ్చి ఇక్కడి రెండంతస్తుల ప్రతిమాగృహానికి మరమ్మతు చేయించాడని ఆ దేశంలో గడలదెనియ శాసనం చెబుతుంది. ఒకప్పుడు ఆ దేశపు భిక్షువులకు మనం గూడు కట్టాం; చివరికి మన గూటికి వాళ్లు కప్పు వేయించారు. ఆ తరువాత ఏ రాయీ మాట్లాడలేదు. ఆ దీపం ఏ రాత్రి కొండెక్కిందో చూసినవాళ్లు లేరు. మట్టి పెరిగింది, గడ్డి మొలిచింది, దీపాలదిన్నె అన్న పేరు మిగిలింది.

మట్టి అలాగే కప్పి ఉంచినా బాగుండేది.

1797 ప్రాంతంలో సర్వే అధికారి కాలిన్ మెకంజీ వచ్చేటప్పటికే దిన్నె పైభాగం తెరిచి ఉంది. చూశాడు, ముచ్చటపడ్డాడు, వెళ్లిపోయాడు. అప్పుడే కాపలా పెట్టి ఉంటే అన్న మాట నోటిదాకా వస్తుంది. 1816లో చిత్రకారులతో తిరిగి వచ్చేసరికి నిధి ఉందేమోనని నడుమ అంతా తవ్వి చెరువు చేశారు. పలకలు కొన్ని గుళ్లలోకి, మెట్లలోకి పోయాయి. కొన్నిటిని కాల్చి సున్నం చేశారు. ఇల్లు విడిచిన సిద్ధార్థుడు ఎవరి గోడకు వెల్లగా పూతపడ్డాడో! మెకంజీ మనుషులు గీసిన 85 బొమ్మలే చాలా పలకలకు మిగిలిన ఆనవాలు.

మచిలీపట్నంలో కొత్త పేట సంతకు అలంకారంగా ఒక కలెక్టరు కొన్నిటిని పట్టుకుపోయాడు. 1845లో వాల్టర్ ఎలియట్ తవ్వించినవి మద్రాసులో ఏళ్లకేళ్లు ఎండకూ వానకూ పడి ఉన్నాయి. 1859లో 121 శిల్పాలు ఓడెక్కాయి. 1867లో జేమ్స్ ఫెర్గూసన్ వెతికితే లండన్‌లో గుర్రపుబళ్ల కొట్టంలో కనబడ్డాయి. 1877లో రాబర్ట్ సివెల్ కొంత పద్ధతిగా తవ్వి, ఏది ఎక్కడుందో రాసి పెట్టాడు. అప్పుడైనా నిదానించి ఉండాల్సింది. 1880లో మద్రాసు గవర్నరు బకింగ్‌హామ్ ప్రభువు మొత్తం శుభ్రం చేయమని హుకుం జారీచేశాడు. చెడ్డ ఉద్దేశం కాదు, బాగు చేద్దామనే. మరుసటి ఏడు జేమ్స్ బర్జెస్ వచ్చి చూస్తే గుండ్రటి పెద్ద గొయ్యి, దాని చుట్టూ రాళ్ల కుప్పలు. దేని పక్కన ఏది నిలబడిందో ఇక ఎన్నటికీ తెలియదు. ప్రేమతో ముట్టుకున్న చేతులే ఎక్కువ చెరిచాయి. ఈ మాట రాయడానికి చెయ్యి రావడం లేదు గానీ అది నిజం.

విజయపురిని నీళ్లు తీసుకున్నాయి. 1926లో ఆ లోయ బయటపడింది. 1955 డిసెంబరు 10న నాగార్జునసాగర్ ఆనకట్టకు శంకుస్థాపన జరిగింది. 1954 నుంచి ఆరేళ్లు పురావస్తు శాఖవాళ్లు పరుగున తవ్వి, మోయగలిగినన్ని కట్టడాలను కొండ మీదికి చేర్చారు. మిగిలిన విహారాలు సాగరం అడుగున ఉన్నాయి. ఆ నీళ్లే కుడి కాలువలో పారి గుంటూరు, ప్రకాశం చేలను తడిపాయి. ఆ పంట తిన్నవాళ్లం తప్పుపట్టలేం, ఏడవగలం.

గుండ్లకమ్మ ఒడ్డున చందవరం స్తూపపు శిల్పాలను మన కాలంలోనే దొంగలు ఎత్తుకుపోయారు. బుద్ధుణ్ణి కొలిచే భక్తుల పలక ఒకటి ఆస్ట్రేలియా జాతీయ కళా ప్రదర్శనశాలకు చేరి, 2016లో తిరిగి మన దేశానికి వచ్చింది. తిరిగి వచ్చినవి ఎప్పుడూ తక్కువే.

ఇప్పుడు మంగళగిరి నుంచి అమరావతి దాకా రాజధాని పనులు. మళ్లీ గునపాలు, పునాదులు, లారీల మీద మట్టి. మీ స్థలంలో తవ్వుతుంటే మూరెడు పొడవున్న పాత ఇటుకో, గీతలున్న తెల్లరాయో తగిలితే దయచేసి ఆ పూటకు పని ఆపండి. రాయిని కదపకుండా పురావస్తు శాఖకు కబురు చేయండి.