జరీనా హష్మీ

జరీనా హష్మీ (16 జులై 1937 – 25 ఏప్రిల్ 2020) భారతదేశంలో పుట్టి న్యూయార్కులో స్థిరపడిన అచ్చుచిత్రకారిణి, శిల్పి. చెక్క అచ్చులు, లోహపు పలకను ఆమ్లంతో తొలిచి తీసే ఎచింగులు, కాగితపు గుజ్జుతో పోత పోసిన శిల్పాలు, సూదితో పొడిచిన కాగితాలు, బంగారు రేకు అతికిన పటాలు ఆమె చేతి పని. పద్ధతి ఏదైనా ఆమె మళ్లీ మళ్లీ తిరిగి వచ్చిన వస్తువు ఒకటే, ఇల్లు. ఇంటిపేరు పక్కన పెట్టి 'జరీనా' అన్న ఒక్క పేరుతోనే ఆమె కళాలోకానికి తెలుసు.

ఉత్తరప్రదేశ్‌లోని అలీగఢ్ ఆమె జన్మస్థలం. తండ్రి షేక్ అబ్దుర్ రషీద్ అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయంలో చరిత్ర ఆచార్యులు. వేసవి రాత్రుల్లో అక్క రాణితో కలిసి ఆరుబయట పడుకుని చుక్కలు చూసిన ఆ ఇల్లే తర్వాతి అరవై ఏళ్ల పనికి పునాది. దేశ విభజన నాటికి ఆమెకు పదేళ్లు. కుటుంబం కొంతకాలం ఇల్లు విడిచి వెళ్లి, మళ్లీ తిరిగి వచ్చింది. కాని 1959లో తల్లిదండ్రులు కరాచీకి తరలిపోయారు. పుట్టింటికి వెళ్లాలంటే సరిహద్దు దాటాల్సిన పరిస్థితి ఆమెకు అలా వచ్చింది.

అంతకు ముందు ఏడాది, 1958లో, జరీనా అలీగఢ్ విశ్వవిద్యాలయంలోనే గణితంలో పట్టా పుచ్చుకున్నారు. కళాశాలలో చిత్రలేఖనం చదివినవారు కారు. ఆమె గీతలోని పొదుపుకూ కొలతకూ మూలం ఈ గణితమేనని చూడగానే తోస్తుంది. దౌత్యవేత్త సాద్ హష్మీతో వివాహమై బ్యాంకాక్ వెళ్లి, అక్కడే చెక్క అచ్చు నేర్చుకున్నారు. భర్త ఉద్యోగరీత్యా పారిస్ చేరాక, 1960ల నడుమ స్టాన్లీ విలియం హేటర్ నడిపే 'అతెలియె 17' అనే అచ్చు కర్మశాలలో పని చేశారు.

ఆ కర్మశాలలో ఒక తెలుగువాడు ముఖ్యుడు. చిత్తూరు జిల్లా నందనూరులో పుట్టి శాంతినికేతన్‌లో నందలాల్ బోస్ దగ్గర చదువుకున్న కృష్ణారెడ్డి (1925–2018) అక్కడ హేటర్‌కు కుడిభుజంగా ఉండేవారు. ఒకే లోహపు పలక మీద వేర్వేరు చిక్కదనాల సిరాలను ఒకదానితో ఒకటి కలిసిపోకుండా పరిచి, ఒక్క ఒత్తులో పలు రంగులు దింపే పద్ధతికి రూపమిచ్చిన వారిలో ఆయన ఒకరు. అంతటి రంగుల బడిలో మెలిగి కూడా జరీనా తన దారిని నలుపులో, కాగితపు సొంత తెలుపులో వెతుక్కోవడం మెచ్చదగిన సంగతి.

1968 నుంచి కొన్నేళ్లు ఢిల్లీలో ఉన్నారు. దొరికిన చెక్కముక్కలకు సిరా పూసి వాటి ఈనెలనే అచ్చు తీశారు. గ్లైడర్ నడపడం కూడా నేర్చుకున్నారు. ఆమె ఇళ్లు గోడలతో కాక, పైనుంచి చూసిన నేలపటాలుగా కనిపించడానికి ఈ అనుభవం తోడ్పడిందనిపిస్తుంది. 1974లో టోక్యోలో తోషి యోషిదా కర్మశాలలో జపాన్ అచ్చు పద్ధతులు నేర్చుకుని, తర్వాత న్యూయార్కు చేరారు. 1977లో భర్త మరణించారు. 1980లో తోటి కళాకారిణులు అనా మెండియెటా, కజుకో మియామోటోలతో కలిసి అక్కడి ఎ.ఐ.ఆర్. గ్యాలరీలో మూడో ప్రపంచపు మహిళా కళాకారుల ప్రదర్శన ఏర్పాటు చేశారు. ఆ దశాబ్దంలో ఎక్కువగా కాగితపు గుజ్జుతో పోత శిల్పాలు చేస్తూ, కాగితం తయారీ నేర్పుతూ గడిపారు.

ఆమె పనిలో మకుటాయమానమైన ఘట్టం 1997తో మొదలవుతుంది. ఆ ఏడాది తాను కాపురమున్న తొమ్మిది ఇళ్ల నేలపటాలను తొమ్మిది ఎచింగులుగా చేశారు. 1999లో 'హోమ్ ఈజ్ ఎ ఫారిన్ ప్లేస్' వచ్చింది. ఇందులో 36 చెక్క అచ్చులు. ముందు ఉర్దూ మాటల జాబితా రాసుకుని, వాటిని పాకిస్తాన్‌లోని ఒక లేఖకుడి చేత నస్తాలీఖ్ లిపిలో రాయించి, ఒక్కో మాటకు ఒక్కో ఆకారం ఇచ్చారు. ఇల్లు, గడప, తలుపు, వాకిలి, వాన, దుమ్ము, సువాసన, దూరం, భాష. తలుపును దర్వాజ అనే తెలంగాణ పాఠకులకు ఈ మాటల్లో కొన్ని ఇంట్లోవే. 'సర్‌హద్' మనందరికీ 'సరిహద్దు'గా తెలిసినదే. గడప అన్న పలకలో గడప బొమ్మ కోసం వెతికితే దొరకదు. కొన్ని గీతలే ఉంటాయి. మన గడప ఏదో మనమే గుర్తు తెచ్చుకోవాలి.

2001 నాటి 'డివైడింగ్ లైన్' మరీ నిరాడంబరం. తెల్లని కాగితం మీద వంకరలు తిరిగిన ఒక్క నల్లని గీత, భారత పాకిస్తాన్ సరిహద్దు. చెక్క అచ్చులో ఉలి తాకిన చోటు తెల్లగా, తాకని చోటు నల్లగా పడుతుంది. కాబట్టి ఈ గీతను ఆమె చెక్కలేదు. దానికి అటూ ఇటూ ఉన్న నేలనంతా ఓపికగా తొలిచేస్తే గీత మిగిలింది. కాగితానికి దగ్గరగా జరిగితే, తొలిచినప్పుడు ఉలి గాట్ల నడుమ మిగిలిపోయిన చిన్నచిన్న అంచులు చుట్టూ నల్లటి పొట్టులా కనబడతాయి. విభజన మీద వచ్చిన చిత్రాల్లో ఇంత తక్కువ చూపి ఇంత చెప్పినవి అరుదు.

2004లో 'లెటర్స్ ఫ్రమ్ హోమ్' చేశారు. కరాచీలోని అక్క రాణి ఉర్దూలో రాసి, పోస్టు చేయకుండా దాచిన ఉత్తరాలు ఇందుకు ఆధారం. తల్లిదండ్రుల మరణం, ఇల్లు అమ్మకం వంటి కబుర్లను దూరాన ఉన్న చెల్లెలికి ఉత్తరంలో పంపడానికి మనసొప్పక దాచి, కలిసినప్పుడు చేతికిచ్చినవి. ఎనిమిది అచ్చుల ఈ వరుసలో అక్క చేతిరాత మీద ఇళ్ల నేలపటాలు, ఊళ్ల దారులు నల్లగా పరుచుకుంటాయి. ఉర్దూ రానివారికి ఉత్తరం గీతల గుంపు, వచ్చినవారికి సగమే చదవగలిగే అక్షరం.

వెనిస్ బియెన్నాలే కళాప్రదర్శనలో భారతదేశం 2011లో మొదటిసారి సొంత మంటపం ఏర్పాటు చేసినప్పుడు, దాని క్యూరేటర్ రంజిత్ హోస్కోటే ఎంపిక చేసిన కళాకారుల్లో జరీనా ఒకరు. 2012లో లాస్ ఏంజెలెస్‌లోని హామర్ మ్యూజియం 'పేపర్ లైక్ స్కిన్' పేరిట ఆమె జీవితకాలపు పనిని ఒక్కచోట చేర్చింది. ఆ ప్రదర్శన మరుసటి ఏడు న్యూయార్కు గుగ్గెన్‌హైమ్‌కూ షికాగోకూ వెళ్లింది. చివరి కాలపు పనుల్లో నలుపు పక్కన బంగారు రేకు వచ్చి చేరింది. 2018లో జ్ఞాపకాల పుస్తకం 'డైరెక్షన్స్ టు మై హౌస్' వెలువడింది. 2020 జనవరిలో ఢిల్లీలోని కిరణ్ నాడార్ మ్యూజియంలో ఆమె పనుల పెద్ద ప్రదర్శన మొదలైంది. అదే ఏడాది ఏప్రిల్‌లో, అలీగఢ్‌కూ కరాచీకీ న్యూయార్కుకూ దూరంగా, లండన్‌లో కన్నుమూశారు.