పెళ్ళి చేసి చూడు – అర మార్కు వివాదం



ఒక సంక్రాంతికి చెన్నైలో మా అమ్మాయి యింట ఉన్నాను. అల్లుడు తమిళుడు. వియ్యమంది పన్నెండేళ్ళయినా మా వియ్యంకుడుగారికీ నాకూ మధ్య సంభాషణ ‘భోజనమైనదా?’, ‘ఆరోగ్యమెట్లున్నది?’ అన్న రెండు ప్రశ్నలను దాటి ఎరుగదు. ఆయనకు తెలుగు రాదు, నాకు తమిళం రాదు. ఇంగ్లీషు ఇద్దరికీ వచ్చును గాని, అందులో మాట్లాడుకొనుటకు ఇద్దరికీ బిడియమే.

ఆ సాయంకాలం పిల్లలు ‘డంబ్ షరాడ్స్’ ఆడుదామన్నారు. ఒకరు సినిమా పేరును నోరు మెదపక అభినయించాలి, తన జట్టువారు దానిని చెప్పాలి. పేర్లన్నీ తమిళ చిత్రాలవే. నాకేమి తెలియునని వెనుకకు తగ్గితే మనవరాలు, “తాతయ్యా, ఇందులో ఎవ్వరూ మాట్లాడకూడదు. నీకే సులువు!” అన్నది. ఆ తర్కానికి నా వద్ద జవాబు లేదు.

మా జట్టున వియ్యంకుడుగారి వంతు వచ్చింది. ఎదుటి జట్టులోనున్న వియ్యపురాలు ఆయన చెవిలో ఒక పేరు చెప్పి నవ్వారు. ఆయన మూడు వ్రేళ్ళు చూపారు, మూడు మాటలన్నమాట. మొదట మెడ చుట్టూ తాళి కట్టినట్లు అభినయించారు. తరువాత చేతులతో ఏదో పని చేసినట్లు. చివరకు కనుబొమలపై చేయి అడ్డముంచి దూరంగా చూచారు. పిల్లలకు అందలేదు. నా నోట అప్రయత్నంగా “పెళ్ళి చేసి చూడు!” అన్న మాట వెలువడింది. ఆయన ఆట నియమం మరచి “అదేదాన్ సంబంధీ!” అని నా భుజం తట్టారు.

అసలు పేరు ‘కల్యాణం పణ్ణి పార్’. నేను చెప్పినది తెలుగు పేరు గనుక చెల్లదని ఎదుటి జట్టు పట్టుబట్టింది. మనవరాలు న్యాయాధికారిణియై అర మార్కు ఇచ్చింది. తక్కిన అర మార్కు కొరకు నేను వేసుకొన్న అప్పీలే ఈ టపా.

ముందు ఆట పుట్టుక. షరాడ్ అన్నది 18వ శతాబ్దపు ఫ్రాన్సులో వాడుకలోకి వచ్చిన మాటల పొడుపు. ఒక పదాన్ని ముక్కలు చేసి, ఒక్కొక్క ముక్కకు ఒక సూచన, మొత్తానికి మరొక సూచన ఇచ్చేవారు. జేన్ ఆస్టెన్ ‘ఎమ్మా’ నవలలో (1815) ఇట్టి కాగితపు పొడుపే ఉన్నది. తరువాత అది ఇంగ్లండు విందుశాలలలో అభినయమైనది. షార్లెట్ బ్రాంటీ ‘జేన్ ఐర్’లో (1847) అతిథులు ‘బ్రైడ్‌వెల్’ అన్న మాటను పెండ్లికూతురు, బావి, చెరసాల అని మూడు రంగాలుగా ఆడతారు. మాట పలుకకుండా చేతులతో సూచించే నేటి పద్ధతి ఆ పిమ్మట స్థిరపడినది.

ఈ మాట వినగానే నావంటి భాషాపండితునికి చేయి ఊరుకొనదు. వాత్స్యాయనుడు చెప్పిన అరువదినాలుగు కళలలో ‘ప్రహేళిక’ ఉన్నది, ‘అక్షరముష్టికాకథనం’ ఉన్నది. రెండవది పొడి అక్షరాలతోనో, వ్రేళ్ళ గుర్తులతోనో భావాన్ని తెలిపే విద్య. భరతుని నాట్యశాస్త్రం అసంయుత హస్తాలు 24, సంయుత హస్తాలు 13 అని లెక్కగట్టి చెప్పినది. కనుక ఈ ఆట మనదే, ఫ్రెంచివారు మననుండి తీసుకొన్నారని ఒక వ్యాసం రాసేద్దామా అని ఒక పూట ఉబలాటపడ్డాను. మరునాటి ఉదయానికి ఆ ఉబలాటం తగ్గినది. పోలిక వేరు, వంశక్రమం వేరు. ముప్ఫై యేళ్ళు పిల్లలకు ఆ భేదమే చెప్పినవాడను, నా వంతు వచ్చినప్పుడు మరచిపోతే ఎట్లా? ఆట పరాయిదే. అందులో మనవారు నింపిన సరుకు మాత్రం మనది. సినిమా పేర్లే ఆ సరుకు.

ఇక ఆ సరుకు సంగతి. 1931లో హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వంలో వచ్చిన ‘కాళిదాస్’ తొలి తమిళ టాకీగా ప్రసిద్ధం. అందులో నాయిక టి.పి. రాజలక్ష్మి తమిళం మాట్లాడితే నాయకుడు తెలుగు మాట్లాడినాడు! మరుసటి యేట అదే దర్శకుడు ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు టాకీకి శ్రీకారం చుట్టినాడు. అంటే ఈ రెండు సినిమాలు ఒకే పురిటింటి బిడ్డలు. తరువాత మద్రాసు స్టూడియోలలో ఒకే కథను రెండు భాషలలో తీయడం రివాజైనది. ‘మాయాబజార్’ (1957) తెలుగులోను, తమిళంలోను ఘటోత్కచుడు ఎస్వీ రంగారావే. అభిమన్యుడు మాత్రం ఇక్కడ నాగేశ్వరరావు, అక్కడ జెమినీ గణేశన్. విజయావారి ‘పెళ్ళి చేసి చూడు’ 1952 నాటిది, ‘కల్యాణం పణ్ణి పార్’ కూడ ఆ యేటిదే. ‘ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు’ అన్న సామెత ఉభయ భాషలలోను ఉన్నది గనుకనే పేరు మాటకు మాటగా కుదిరింది.

అన్నియు ఇట్లు కుదరవు. ‘గుండమ్మ కథ’ (1962) తమిళంలో ‘మనిదన్ మారవిల్లై’, అనగా ‘మనిషి మారలేదు’ అయినది. ‘రాముడు భీముడు’ (1964) అక్కడ ‘ఎంగ వీట్టుప్ పిళ్ళై’ (1965), అనగా ‘మా ఇంటి పిల్లవాడు’. ‘మూన్రాం పిరై’ (1982) అభినయించుట ఎంతో సులభం: మూడు వ్రేళ్ళు, తదియనాటి చంద్రరేఖ. అదే చిత్రానికి తెలుగులో ‘వసంత కోకిల’ అని పేరు పెట్టినారు, నెలవంక పోయి కోయిల వచ్చింది. ‘మౌనరాగం’ (1986) వచ్చినప్పుడు మా మనవడు కదలక మెదలక నిలబడినాడు. అందరూ మౌనంగా ఉండవలసిన ఆటలో మౌనాన్ని అభినయించుట ఎట్లా? ఇక 1987లో సింగీతం శ్రీనివాసరావుగారు మాటలు లేని ‘పుష్పక విమానం’ తీస్తే తమిళులు దానికి పెట్టుకొన్న పేరు ‘పేసుం పడం’, మాట్లాడే బొమ్మ! పేర్లను పేర్చి పాట కట్టినవారు కూడ ఉన్నారు. బాలచందర్ ‘మరో చరిత్ర’లో (1978) తమిళ యువకుడు తెలుగు పిల్ల కొరకు తెలుగు సినిమా పేర్లనే గుచ్చి పాడతాడు. భాష రానివానికి పేర్లే నిఘంటువు.

తమిళులకు పేరంటే పట్టింపు కూడ ఉన్నది. 2006లో తమిళనాడు ప్రభుత్వం తమిళ పేర్లు గల చిత్రాలకు వినోదపు పన్ను మినహాయించినది. ‘జిల్లును ఒరు కాదల్’ అనుకొన్న చిత్రం ఆ యేడే ‘సిల్లును ఒరు కాదల్’గా వచ్చింది. ఒక్క అక్షరానికి అంత విలువ ఉన్నచోట నేను పేరు మొత్తం మార్చి చెప్పి పూర్తి మార్కు అడుగుట సబబా? కాదేమో. ఆ అర మార్కు తగ్గించిన మనవరాలిది న్యాయమే. అప్పీలు ఉపసంహరించుకొంటున్నాను.

అయితే పోగొట్టుకొన్నది అర మార్కే. ఆ రాత్రి భోజనాలయ్యాక వియ్యంకుడుగారు వరండాలో నా పక్కన కుర్చీ వేసుకొని నాలుగు వ్రేళ్ళు చూపారు. గంటన్నరసేపు ఇద్దరు ముసలివాళ్ళము చేతులు తిప్పుకొంటూ కూర్చున్నాము. మధ్యలో మా అమ్మాయి వచ్చి తలుపు వద్ద నిలబడి చూచింది. ఏమీ అనక లోపలికి వెళ్ళి ఇద్దరికీ కాఫీ తెచ్చి ఇచ్చింది.

మీ యిండ్లలో ఇట్టి జంట పేర్లు ఇంకేవైనా తలపునకు వస్తే తెలుపగలరు. మళ్ళీ చెన్నై వెళ్ళేలోపు నాకు కొన్ని కావాలి.