చలనచిత్ర రచయిత ముళ్లపూడి వెంకటరమణగారు

హరికథ విన్నవారు దాసుగారి పేరు చెప్పుదురు. చలనచిత్రమును జూచినవారు నటుల పేర్లు చెప్పుదురు. నటుని నోట పలికిన మాట యెవరు వ్రాసిరని యడుగువారరుదు. అట్లు తెరమరుగున పనిచేసినవారిలో మన గోదావరీతీరమున బుట్టిన ముళ్లపూడి వెంకటరమణగారొకరు.

వీరు 1931 జూన్ 28వ తేదీన ధవళేశ్వరమున జన్మించిరి. బాల్యముననే తండ్రిని గోలుపోయి, తల్లివెంట మద్రాసు చేరి, పేదరికమున విద్య నభ్యసించిరి. నరసాపురమున బుట్టిన బాపుగారితో స్నేహ మచ్చటనే కుదిరినది. పిమ్మట ఆంధ్రపత్రికలో ఉపసంపాదకులై, 'బుడుగు' మొదలగు హాస్యరచనలచే బేరొందిరి. 1962లో వెలువడిన 'రక్తసంబంధము'నకు సంభాషణలు వ్రాసిరి. నవ్వించుటలో నేర్పరియని పేరుపడిన రచయిత అన్నాచెల్లెండ్ర కథతో ప్రేక్షకులను కంటతడి పెట్టించెను.

కావ్యమున వర్ణన కవిది. చిత్రమున నది ఛాయాగ్రాహకునిది. చిత్రరచయితకు మిగులునవి ఘట్టముల కూర్పును, పాత్ర పలుకవలసిన మాటయును. గ్రంథమున నర్థముకాని పుటను మరల చదువవచ్చును. తెరపై పలికిన మాట యొక్కసారియే వినబడును. అది నిరక్షరుని చెవికిని తోడనే యెక్కవలెను.

బాపుగారి తొలిచిత్రము 'సాక్షి' 1967లో వెలువడెను. కథ రమణగారిదే. దానిని పులిదిండి గ్రామమున చిత్రించిరి. బల్లకట్టు నడుపు నమాయకుడొకడు హత్యను గన్నులార జూచి, న్యాయస్థానమున నిజము చెప్పును. హంతకుడు పగబట్టి వచ్చునప్పటికి వానికి తోడు నిలుచువారు కరవగుదురు. ఏ యూరి పెద్దలైనను తమ్ము దాము ప్రశ్నించుకొనదగిన కథ యిది.

1975 నాటి 'ముత్యాలముగ్గు' ఉత్తరరామాయణమునకు నేటి రూపము. నిర్దోషియగు నిల్లాలు నిందపాలై భర్తకు దూరమగును. రావు గోపాలరావుగారు ధరించిన కంట్రాక్టరు పాత్ర మాటలు గ్రామఫోను రికార్డులుగా వెలువడి, ఊరూర మ్రోగినవి. పల్లెపలుకు పురాణగౌరవమును మోయజాలదని మా పండితలోకమున నొక వాదముండెను. రమణగారు సీత దుఃఖమును సామాన్యగృహిణి మాటలలో నిలిపిరి. దుష్టునకు తియ్యని నవ్వుమాటలిచ్చిరి. కేకలు వేయువానికంటె నవ్వుచు గొంతు కోయువాడే భయంకరుడని చదువురానివారికిని దెలిసినది. వ్యాకరణమెంత నేర్చినను, ఇట్టి యెఱుక లేనిదే మాటకు బలము రాదు.

తరువాతి కాలమున నందమూరి తారకరామారావుగారి కోరికపై ఈ మిత్రులిరువురు చిన్నపిల్లలకు వీడియో పాఠములు కూర్చిరి. టెలివిజనునకు భాగవతగాథలను ధారావాహికముగా నందించిరి. రమణగారు 2011 ఫిబ్రవరి 24వ తేదీన పరమపదించిరి. వారి రచనయైన 'శ్రీరామరాజ్యము' ఆ నవంబరులో విడుదలయ్యెను. అదియు నుత్తరరామకథయే. నింద మోసిన సీతకు న్యాయమడుగు ప్రశ్న వారి కలమును తుదివరకు విడువలేదు.

పిల్లలతో చిత్రము చూచునపుడు మాటలు వ్రాసినవారి పేరును వారిచే చదివింపుడు. మన యింటి పలుకును లోకమునకు వినిపించినవారి పేరు వారికి దెలియుట న్యాయము.