పుల్లరి కథ - నీటి చట్టం

కాటమరాజు కథను మన సాహిత్య చరిత్రకారులు వీరగాథల పద్దులో వేసి ఊరుకున్నారు. పల్నాటి వీరచరిత్ర పక్కన దానికొక పీట వేసి, ఖడ్గతిక్కన పౌరుషాన్నీ, యుద్ధం నుంచి తిరిగొచ్చిన అతన్ని తల్లీ భార్యా ఎత్తిపొడిచిన తీరునూ చాటువుల సాయంతో వర్ణించి పాఠం ముగిస్తారు. ఇరవై ఏళ్ళుగా బడిలో నేనూ అలాగే ముగిస్తున్నాను. అసలు ఆ యుద్ధం ఎందుకు జరిగింది అనే ప్రశ్నకు మాత్రం మనం ఒక వాక్యం కంటే ఎక్కువ ఖర్చు పెట్టలేదు. అది రాజ్యం కోసం జరిగిన యుద్ధం కాదు. స్త్రీ కోసం జరిగిందీ కాదు. గడ్డి కోసం, నీళ్ళ కోసం జరిగింది.

తంగిరాల వెంకటసుబ్బారావుగారు పరిష్కరించిన కాటమరాజు కథలు చూసినవారికి ఇది కొత్త సంగతి కాదు. 13వ శతాబ్దిలో కనిగిరి వైపు ఎర్రగడ్డపాడు సీమలో వానలు లేక పచ్చిక మాడిపోయింది. కాటమరాజు ఆలమందలను తోలుకుని దక్షిణంగా నెల్లూరి సీమకు దిగాడు. అక్కడి ప్రభువు నల్లసిద్ధితో ఒడంబడిక చేసుకున్నాడు. మందలు మేసినందుకు పుల్లరి కింద పుట్టిన కోడెదూడలు ప్రభువుకు చెందాలి. కొంతకాలం అంతా సజావుగానే సాగింది. తర్వాత ప్రభువు ఉంపుడుగత్తె చిలుక ఒకటి గొల్లల చేతిలో చచ్చింది. దానికి ప్రతీకారంగా ఆలమందల మీద దాడి జరిగింది. మందలను కాపాడలేని ప్రభువుకు పుల్లరి ఇచ్చేది లేదని కాటమరాజు తెగేసి చెప్పాడు. పాలేటి ఒడ్డున పంచలింగాల దగ్గర నెత్తురు పారింది.

చిలుక కథకు అలంకారం. గట్టిగా పట్టుకోవలసింది కాటమరాజు వాదాన్ని. పుల్లరి అనేది ఒకవైపు నుంచే సాగే వసూలు కాదు, తీసుకునేవాడి నెత్తిన కూడా ఒక బాధ్యత ఉంటుంది అన్నదే ఆ వాదం. నేలా నీళ్ళూ ప్రభువువే కావచ్చు. కానీ వాటిమీద బతికే మందకు రక్షణ లేకపోతే ఒడంబడిక చెల్లదు. యాదవుల ముంగిళ్ళలో కొమ్మువారు తరాలుగా పాడుతూ వస్తున్నది ఈ న్యాయాన్నే. నల్లసిద్ధిని నేటి పెట్టుబడిదారుతో యాంత్రికంగా పోల్చే ఉద్దేశం నాకు లేదు. పశుపాలకులకూ, సాగుభూమి మీద నిలబడిన రాజ్యానికీ మధ్య నడిచిన ఘర్షణ అది. నాకు కావలసింది ఆ షరతు ఒక్కటే. ఎందుకంటే ఇదే నెల్లూరి నేలమీద ఆరువందల ఏళ్ళ తర్వాత వచ్చిన చట్టంలో ఆ షరతు మాయమైంది.

ముందు ఈ తీరపు నీళ్ళ స్వభావం చెప్పాలి. నెల్లూరు ఆనకట్ట, 1886 నాటి సంగం ఆనకట్ట పెన్న నీటిని కయ్యలకు మళ్ళించాయి. కానీ కాలవలు చిట్టచివరికి వచ్చి సన్నగిల్లే చోట, సముద్రం ఒడ్డు ఇసుకపర్రలో, జనం బతికింది దొరువుల మీద. ఇసుకలో కొద్దిపాటి లోతున గుంట తవ్వితే చాలు, మంచినీళ్ళు ఊరతాయి. కడవలతో ముంచి నారుమళ్ళకు, కూరపాదులకు పోసేవాళ్ళు. తాగడానికి పక్కనే చెలమ. సముద్రానికి కూతవేటు దూరంలో తీపినీళ్ళు రావడం మా ఊరి ముసలివాళ్ళకు గంగమ్మ మహిమ. సంగతేమిటంటే, వాననీరు ఇసుకలోకి ఇంకి, బరువైన ఉప్పునీటిమీద తేలుతూ నిలుస్తుంది. సముద్రమట్టానికి పైన ఒక అడుగు మంచినీరు నిలిచిందంటే కింద సుమారు నలభై అడుగుల దాకా మంచినీరే ఉంటుంది. ఈ లెక్క తలకిందులుగా కూడా పనిచేస్తుంది. పైన ఒక అడుగు తోడేస్తే కింద నుంచి ఉప్పు నలభై అడుగులు పైకి వస్తుంది. దొరువు రైతుకు ఈ సూత్రం తెలియదు. కానీ దొరువును లోతుగా తవ్వకూడదని తెలుసు, కడవకు మించి తోడకూడదని తెలుసు.

ఇక చట్టం. మద్రాసు ప్రభుత్వం 1865లో నీటితీరువ చట్టం చేసి సర్కారు నీటికి పన్ను కట్టించుకునే హక్కును స్థిరపరుచుకుంది. భూమి పైన పారే నీటి సంగతి అది. భూమి కింది నీటి సంగతి 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం తేల్చింది. ఆ చట్టాన్ని దేశమంతటా ఒకేసారి అమలు చేయలేదు. మొదట అమలైన కొద్ది ప్రాంతాల్లో మద్రాసు రాజధాని ఒకటి. అంటే మన నెల్లూరు జిల్లా ఆనాటి నుంచీ దాని కిందే ఉంది. తన భూమి హద్దుల్లో, నిర్దిష్టమైన కాలువగా పారకుండా అడుగున ఉన్న నీటినంతా తోడుకునే హక్కు ఆ భూమి యజమానిదని 7వ సెక్షన్ చెబుతుంది. దీని మూలం ఇంగ్లండులో 1843 నాటి ఒక తీర్పు. పొరుగువాడు బొగ్గుగని తవ్వడంతో ఒక నూలుమిల్లు యజమాని బావి ఎండిపోయింది. తన నేలలో తాను తవ్వుకున్నవాడి తప్పేమీ లేదని కోర్టు చెప్పింది. ఏటి పొడుగునా వానలు కురిసే దేశంలో ఇద్దరు ఆస్తిపరుల తగాదాలో పుట్టిన సూత్రం, వాన కోసం ఐప్పసి, కార్తీక మాసాల తుపానులకు ఎదురుచూసే మన తీరానికి శాసనమైంది.

ఆ చట్టంలో నన్ను ఎక్కువ కలవరపెట్టింది 17వ సెక్షన్. మామూలుగా ఇరవై ఏళ్ళు నిరాటంకంగా అనుభవిస్తే దారి మీదో వెలుతురు మీదో హక్కు వస్తుంది. కానీ నిర్దిష్టమైన కాలువగా పారని భూగర్భజలం మీద ఆ రకంగా హక్కు రాదని ఈ సెక్షన్ స్పష్టంగా చెబుతుంది. యానాదులు, మాలమాదిగలు, పట్టపు బెస్తలు తరాల పాటు ఒక చెలమ నీళ్ళు తాగి ఉండవచ్చు. ఆ ఇసుకపర్ర ఎవరి పట్టాలో ఉంటే నీళ్ళు వాళ్ళవి. ఊరబావి దగ్గర కులం అడ్డుపడితే చెలమ దగ్గర చట్టం అడ్డుపడింది. కాటమరాజుకు కనీసం చూపించుకోవడానికి ఒక ఒడంబడిక ఉంది. వీళ్ళకు అదీ లేదు. 1930లో ఇదే జిల్లా తీరంలో ఉప్పు వండి జైలుకెళ్ళినవాళ్ళను మనం సభల్లో స్మరిస్తాం, స్మరించవలసిందే. తీపినీటి చట్టం మీద మాత్రం అలాంటి సత్యాగ్రహమేదీ జరగలేదు.

చట్టంలోని ఈ లొసుగు నూరేళ్ళు పెద్దగా బయటపడలేదు. కడవతో, ఏతంతో తోడుకున్నంతకాలం యజమాని హక్కుకు ప్రకృతే హద్దు గీసింది. 1990 తర్వాత ఆ హద్దు చెరిగిపోయింది. నేను ఎనిమిదో తరగతిలో ఉండగా మా ఊరి తూర్పున ఒక కంపెనీ రొయ్యల గుంటలు తవ్వింది. టైగరు రొయ్యకు అచ్చంగా సముద్రపు ఉప్పు పనికిరాదు, నీళ్ళు పలచబడాలి. అందుకని ఒకవైపు ఉప్పుటేటి నీళ్ళు, మరొకవైపు బోర్లతో మంచినీళ్ళు రాత్రింబగళ్ళు తోడి గుంటల్లో కలిపేవాళ్ళు. రెండు వేసవులు గడిచేసరికి మా అవ్వ చెలమ దగ్గర నుంచి ఖాళీ బిందెతో తిరిగొచ్చింది. “నీళ్ళు ఉప్పుతిరిగిపోయినాయి నాయనా” అంది, ఎవరో పోయారని చెప్పినట్టుగా. ఫిర్యాదు చేద్దామని వెళ్ళిన పెద్దలకు దొరికిన జవాబు, వాళ్ళ భూమిలో వాళ్ళు తోడుకుంటున్నారు కదా అని. చదువుకున్నాక తెలిసింది, అది 1843 నాటి జవాబని.

ఇందులో తప్పంతా కంపెనీలదే అంటే చరిత్రకు అన్యాయం చేసినట్టు. వరి గిట్టుబాటు కాని చిన్నరైతులు కూడా కయ్యలను గుంటలుగా మార్చారు, కౌలుకిచ్చారు. 1994 చివర తెల్లమచ్చ తెగులు వచ్చి గుంటలు తుడిచిపెట్టుకుపోయినప్పుడు ముందు మునిగింది వాళ్ళే. కంపెనీ పెట్టుబడి మరోచోటికి వెళ్ళగలదు. ఉప్పు పట్టిన కయ్య వెళ్ళలేదు. కయ్యలో కూలి చేసుకునే మనిషికైతే గుంట గట్టుమీద పనే లేదు.

తమిళనాడు గ్రామస్వరాజ్య ఉద్యమ నాయకుడు ఎస్. జగన్నాథన్ సుప్రీంకోర్టుకు వెళ్ళారు. కోర్టు నీరీ సంస్థ చేత తీరాన్ని పరిశీలింపజేసింది. ఆంధ్రప్రదేశ్‌లో రొయ్యల సాగు తెచ్చే ఆదాయం కంటే అది చేసే నష్టం సుమారు నాలుగు రెట్లని నీరీ లెక్క కట్టింది. 1996 డిసెంబరు 11న న్యాయమూర్తులు కుల్దీప్ సింగ్, సగీర్ అహమద్ తీర్పు ఇచ్చారు. 1991 ఫిబ్రవరి 19 నాటి తీరప్రాంత ప్రకటన హద్దుల్లో సంప్రదాయ పద్ధతివి తప్ప మిగిలిన గుంటలన్నీ 1997 మార్చి 31 లోగా తొలగించాలి. పంటభూములను, ఉప్పుకయ్యలను గుంటలుగా మార్చకూడదు. పులికాట్ సరస్సుకు వెయ్యి మీటర్ల లోపు గుంటలు ఉండకూడదు. పాడుచేసినవాడే పరిహారం కట్టాలి. తోడుకునే హక్కు ఉన్నవాడికి బాధ్యత కూడా ఉందని ఈ తీరం గురించి ఒక న్యాయస్థానం అంత గట్టిగా చెప్పింది.

ఆ తీర్పు ఇళ్ళదాకా రాలేదు. గడువుకు పది రోజుల ముందు పునర్విచారణ పిటిషన్ల మీద అమలు నిలిచిపోయింది. 2005లో పార్లమెంటు తీరప్రాంత జలసాగు ప్రాధికార సంస్థ చట్టం చేసింది. దాని 27వ సెక్షన్ చదివినప్పుడు ఒక వ్యాకరణ పండితుడి పని గుర్తొచ్చింది. 1991 నాటి ప్రకటనలోని నిషేధాలు తీరప్రాంత జలసాగుకు వర్తించవు అనే వాక్యాన్ని ఆ పాత ప్రకటనలోనే, మొదటి రోజు నుంచే అది ఉన్నట్టుగా చేర్చారు. పద్నాలుగేళ్ళ వెనక్కి వెళ్ళి ఒక్క వాక్యం రాశారు. తీర్పు నిలబడిన నేల ఆ తీర్పు కింద నుంచి తొలగిపోయింది. అనుమతి లేకుండా సాగుచేస్తే మూడేళ్ళ దాకా జైలు అన్న నిబంధన ఆ చట్టంలో ఉండేది. 2023 సవరణ దాన్ని కూడా డబ్బు జరిమానాగా మార్చింది. మన రాష్ట్రం 2002లో తెచ్చిన వాల్టా చట్టం బోరుకు అనుమతి కావాలంది, బావులను నమోదు చేయమంది. మంచి చట్టమే. కానీ అది పట్టాదారును అదుపు చేయాలని చూసిందే తప్ప, పట్టాలేనివాడికి నీటి మీద హక్కు ఇవ్వలేదు. 7వ సెక్షన్ ఎక్కడిదక్కడే ఉంది.

ఇదంతా సాహిత్య పత్రికలో ఎందుకని అడిగే మిత్రులుంటారు. రాయలసీమ కథకులు బోరుబావిని, దానికోసం అప్పులపాలైన రైతును మనకు చూపించారు. తీరపు దొరువు ఉప్పుతిరిగిన కథ నేను చదివినంతలో చాలా అరుదు. దానికి ఒక కారణం మన విమర్శే. కాటమరాజు కథలో కత్తిని చూసి పుల్లరిని చూడని విమర్శ, రచయితకు కత్తినే వారసత్వంగా ఇస్తుంది. ఖడ్గతిక్కన భార్య పసుపుముద్దను గురించి పేజీలు రాశాం. కోడెదూడల లెక్క గురించి ఒక పాదసూచిక రాయలేదు.

ఈ ఏడాది తొమ్మిదో తరగతికి ఆ కథ చెప్పేటప్పుడు యుద్ధంతో కాక ఒడంబడికతో మొదలుపెట్టి, షరతులు నల్లబల్ల మీద రాశాను. పిల్లల్లో సగంమంది ఇళ్ళకు మంచినీళ్ళు ట్యాంకరులోనో, డబ్బాల్లోనో వస్తాయి. డబ్బా ఎంత, నెలకు ఎన్ని అని వాళ్ళే లెక్క వేసి పక్కన రాశారు.

చేయవలసిన పని ఒకటుంది. కొమ్మువారి పాఠాంతరాల్లో పుల్లరి షరతులు ఎక్కడ ఎలా మారాయో, ఏ సీమవాళ్ళు ప్రభువు బాధ్యతను గట్టిగా చెప్పారో, ఏ సీమవాళ్ళు దాన్ని జారవిడిచారో వరసగా పోల్చి చూడాలి. పరిశోధనకు విషయం వెతుక్కుంటున్న ఎం.ఏ. విద్యార్థులు చిలుక కథ జోలికి పోకుండా దీన్ని పట్టుకుంటే బాగుంటుంది. పాడేవాళ్ళు కనిగిరి వైపు, ఉదయగిరి వైపు ఇంకా ఉన్నారు, ముసలివాళ్ళయ్యారు.