రెండు రోజుల జ్వరం

2003 జూన్. మృగశిర వచ్చినా ఎండ దిగలేదు. హైదరాబాద్ నీలోఫర్ ఆసుపత్రి వార్డులో ఫ్యాన్లు వేడిగాలినే తిప్పుతున్నాయి. మంచం మీద పిల్లాడి ఒళ్లు కాలిపోతోంది. రెండుసార్లు కక్కాడు. కళ్లు తేలేశాడు. ఎడమ చెయ్యి కొట్టుకోవడం మొదలైంది.

"నిన్న పొద్దూకేదాకా ఆడిండు సారూ!" తల్లి గొంతు పూడుకుపోయింది.

డ్యూటీ డాక్టరు సెలైన్ ఎక్కించి, ఫిట్స్ ఆగడానికి సూది వేసి, తడిగుడ్డతో ఒళ్లు తుడవమని నర్సుకు చెప్పి, వెన్నులోంచి తీసిన నీరు సీసాలో పట్టి మూత బిగిస్తుండగానే పక్క మంచం దగ్గర కేక వినిపించింది.

అక్కడా అదే జ్వరం.

కరీంనగర్, వరంగల్ వైపు పల్లెల్లోనూ ఇదే గోల. 9 నెలల పసిబిడ్డ నుంచి 14 ఏళ్ల పిల్లల దాకా. జ్వరం తగిలిన ఒకట్రెండు రోజుల్లోనే ప్రాణం పోతోంది. మెదడువాపు అనగానే మనవాళ్ల చూపు పందుల మీదికి పోతుంది. జపనీస్ ఎన్‌సెఫలైటిస్ అనే అనుమానించారు. నమూనాలు ఐసుపెట్టెల్లో పుణె చేరాయి, నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ వైరాలజీకి.

జపనీస్ ఎన్‌సెఫలైటిస్? కాదు. వెస్ట్ నైల్? అదీ కాదు. డైరెక్టర్ ఎ.సి. మిశ్రా, బి.ఎల్. రావు బృందం నమూనాలను కణాల మీద వేసి చూసింది. కణాలు చచ్చిపోసాగాయి. ఏదో ఉంది. ఎలక్ట్రాన్ మైక్రోస్కోపు గదిలో దీపాలార్పారు. తెర మీద తేలింది తుపాకి గుండు ఆకారం. రేబిస్ కుటుంబం. కానీ రేబిస్ కాదు!

మరేంటి?

జవాబు ఆ సంస్థ పాత రికార్డుల్లోనే ఉంది. 1965లో నాగపూర్ దగ్గర చాందీపురాలో జ్వరమొచ్చిన ఇద్దరు పెద్దవాళ్ల రక్తంలో ప్రవీణ్ భట్, రోడ్రిగ్స్ ఒక కొత్త వైరస్ పట్టారు. దానికి ఊరి పేరే పెట్టారు. దాన్ని చూసి పెద్దగా ఎవరూ భయపడలేదు. ఇప్పుడు తెలంగాణలో చనిపోయిన ఒక బిడ్డ మెదడులో దాని ఆర్‌ఎన్‌ఏ దొరికింది.

ఆగస్టు నాటికి లెక్క తేలింది. 329 మంది పిల్లలకు జబ్బు. 183 మంది దక్కలేదు.

2004లో లాన్సెట్ పత్రిక ఈ పరిశోధనను అచ్చువేసింది. కథ అక్కడితో ముగియాలి. ముగియలేదు. నీలోఫర్‌లో పిల్లల్ని చూసిన డాక్టర్ పి. నాగభూషణరావు బృందం అడ్డం తిరిగింది. ఇది మెదడువాపు కాదు, మెదడుకు రక్తం అందక తగిలిన దెబ్బ అంది. వెల్లూరు వైరాలజిస్టు టి. జాకబ్ జాన్ కూడా లాన్సెట్‌లోనే ప్రశ్నలు లేవనెత్తారు. ల్యాబ్‌ది ఒక మాట, వార్డుది ఒక మాట. మంచం పక్కన నిలబడ్డవాళ్ల మాట కొట్టిపారేసేది కాదు.

పేరు దొరికింది సరే. మందేది? టీకా ఏది? రెండూ లేవు. అందుకే వైరస్‌ల వేట ల్యాబ్ దాటి పల్లెబాట పట్టింది. మట్టిగోడల బీటలు, పశువుల కొట్టాల మూలలు, పేడదిబ్బల పక్క చెమ్మ, అన్నీ వెతకాల్సినవే, ఎందుకంటే వైరస్‌ను మోస్తోందన్న అనుమానం అక్కడ దాగే ఇసుక ఈగ మీద. దోమకన్నా చాలా చిన్నది. చప్పుడు చెయ్యదు. మామూలు దోమతెర కన్నాల్లోంచి దూరిపోతుంది. 2005-06లో వరంగల్ ఎంజీఎం ఆసుపత్రిలో నిఘా పెడితే, మళ్లీ అదే వైరస్ బయటపడింది.

2024లో గుజరాత్‌లో విరుచుకుపడింది. ఇరవై ఏళ్లలో అంత పెద్ద వ్యాప్తి లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పింది. ఈనాటికీ దీనికి ప్రత్యేకమైన మందు లేదు, టీకా రాలేదు. కాబట్టి ముదిగొండలోనైనా, భద్రాచలం అడవి అంచు గూడెంలోనైనా వానలకు ముందే గోడల బీటలు మెత్తండి. పశువుల కొట్టం ఇంటికి దూరంగా పెట్టండి. పిల్లలకు జ్వరంతో పాటు ఫిట్స్ వస్తే తెల్లారేదాకా ఆగకండి, నాటుమందుల జోలికి పోకండి. 108కి ఫోన్ చేయండి.